పక్కింటి తాతగారి గొంతు

పోయిన ఆదివారం మధ్యాహ్నం టీవీలో ఏదో డబ్బింగ్ సినిమా వస్తోంది. విలన్ నోరు మూసేశాక కూడా మాట ఇంకా వినిపిస్తూనే ఉంది. మా వారు సోఫాలో పడుకుని, "పాపం, డబ్బింగ్ ఆయన ఓవర్‌టైమ్ చేస్తున్నట్టున్నాడు" అన్నారు. మామూలుగా అయితే నేనూ నవ్వేదాన్నే. ఆ పూట నవ్వు రాలేదు. టీ పెట్టే నెపంతో వంటింట్లోకి వెళ్లి, కిటికీలోంచి పక్కింటి పెరటి వైపు చూస్తూ కాసేపు నిలబడ్డాను.

పాయింట్ కుక్ అనే ఈ పరాయి దేశపు శివారు పేటలో మేము ఇల్లు కట్టుకున్న కొత్తల్లో మా వీధిలో ఇళ్లకంటే మట్టి కుప్పలే ఎక్కువ. కంచె అవతలి ఇంట్లోకి మెక్సికో నుంచి వచ్చిన ఒకమ్మాయి దిగింది. భర్తతో విడిపోయింది, చంటిపిల్ల ఉంది, హాస్పిటల్ ల్యాబ్‌లో షిఫ్టు ఉద్యోగం. పిల్లను చూసుకోవడానికి తండ్రిని రప్పించుకుంది. మా పిల్లలు ఆయన్ని తాతగారూ అని పిలిచారు, ఆయన ఆ పిలుపుకే పలకడం మొదలుపెట్టారు. పొడుగ్గా, సన్నగా, రంగేసిన మీసంతో ఉండేవారు. మా ఆవకాయ రుచి చూసి కారం చాలలేదన్నట్టు పెదవి విరిచిన మనిషి ఈ దేశంలో ఆయనొక్కరే. ఆ విషయంలో ఆయన్ని నేనింకా క్షమించలేదు.

ఆయన వాళ్ల దేశంలో సినిమా నటుడు. హీరో అనుకునేరు. ముసుగులు వేసుకున్న కుస్తీవీరులు రక్తం తాగే దయ్యాలతో తలపడే చవక సినిమాలు ఒకప్పుడు అక్కడ తెగ వచ్చేవట. మన జానపద సినిమాల్లో మాంత్రికుడి పక్కన చేతులు కట్టుకుని ఒక శిష్యుడు నిలబడి ఉంటాడు చూడండి, ఆయనవి అలాంటి వేషాలు. పిచ్చి డాక్టరు దగ్గర సహాయకుడు, శ్మశానం కాపలావాడు, తలుపు తీసి దయ్యాన్ని లోపలికి రానిచ్చే నౌకరు. కుర్రతనంలో మొదలుపెట్టి జుట్టు నెరిసేదాకా అవే వేసి, సినిమా సినిమాకీ చచ్చిపోతూ బతికారు. "ఐ ఆల్వేస్ డై బిఫోర్ ద పాప్‌కార్న్ ఫినిష్" అనేవారు, మీసం సవరించుకుంటూ.

ఆయన గొంతు సన్నం. కొంచెం ముక్కుతో పలికేది, ప్రతి మాటా చివర్లో కాస్త పైకి లేచేది. సాయంత్రాలు మనవరాలిని ఒళ్లో కూర్చోబెట్టుకుని వాళ్ల భాషలో కథలు చెబుతుంటే, ఒక్క ముక్క అర్థం కాకపోయినా నేను తీగ మీద బట్టలు తీయడం ఆలస్యం చేసేదాన్ని. ఆ గొంతు వినపడందే ఆ పిల్ల నిద్రపోయేది కాదు.

జబ్బు ఆ గొంతుకే వచ్చింది. స్వరపేటిక తీసేస్తేనే మనిషి దక్కుతాడన్నారు. ఆపరేషన్‌కి ముందు ఉండబట్టలేక వాళ్లమ్మాయితో, పాప కోసమైనా ఆయన గొంతు కాస్త రికార్డు చేసి పెట్టుకోమన్నాను. "సో మెనీ మూవీస్ ఉన్నాయి కదా ఆంటీ, హి ఈజ్ ఆల్ ఓవర్ ది ఇంటర్నెట్" అన్న అర్థంలో ఏదో అని, కళ్లు తుడుచుకుంది. నిజమే కదా అనుకున్నాను. నటుడి కూతురికి ఆ బెంగ ఎందుకుంటుంది? దయ్యాల సినిమాలని చిన్నప్పుడు ఆమెని తల్లి చూడనివ్వలేదట. పెద్దయ్యాక తీరిక చిక్కలేదు. అంచేత తండ్రి సినిమా ఆమె ఒక్కటీ పూర్తిగా చూడలేదు.

ఆపరేషన్ అయ్యాక, చలికాలంలో ఒక శనివారం, మమ్మల్ని కూడా పిలిచి టీవీలో ఒక పాత సినిమా పెట్టింది. నలుపు తెలుపుల్లో మీసం లేని తాతగారు దీపం పట్టుకుని మెట్లు దిగి వచ్చారు. పాప చప్పట్లు కొట్టింది. ఆయన నోరు తెరవగానే బావిలోంచి వచ్చినట్టు ఒక పెద్ద బొంగురు గొంతు వినిపించింది. "దట్స్ నాట్ హిమ్" అంది పాప. వాళ్లమ్మ ఇంకో సినిమా పెట్టింది. అదే బొంగురు గొంతు. మరొకటి పెట్టింది. అదీ అంతే.

తాతగారు పాప పలక అందుకుని రాశారు. చవక సినిమాల్లో చిన్న వేషాలకి గొంతు తర్వాత స్టూడియోలో ఎవరో ఒకరు చెప్పేవారట. సెట్లో పెదవులు కదిపితే చాలు. ఆయన గొంతు సన్నమని, ఎప్పుడూ ఒకాయన్నే పెట్టేవారు. "అందరికీ తెలిసిందే అనుకున్నాను" అని రాశారు చివర్లో. ఇక వాళ్లమ్మాయి ఫోన్‌లో వీడియోలు వెతికింది. కెమెరా కనబడితే చాలు ఆ మనిషి నిటారుగా అయిపోయి, పెదవులు మాత్రమే కదిపేవారు. జీవితకాలపు అలవాటు. పాప పుట్టినరోజు వీడియోలో అందరం పాడుతున్నాం, ఆయన నోరు చక్కగా కదులుతోంది, ఆయన గొంతు మాత్రం లేదు. ఒకే ఇంట్లో ఉండేవాళ్లు వాయిస్ మెసేజ్‌లు పెట్టుకోరు కదా.

కొన్నాళ్లు ఆలోచించి, ఒక సినిమా ఉందని ఆయనే రాశారు. అందులో తోడేలు మనిషి వేషం. ఒళ్లంతా బొచ్చు, మొహం కనపడదు. అరుపులకి కూడా వేరే మనిషిని పెట్టడం దండగని నిర్మాత ఆయన్నే అరిచేయమన్నాడట. వాళ్లమ్మాయి ఎక్కడో పట్టుకుంది, గీతలు పడిన కాపీ. తోడేలు కొండ మీద నిలబడి అరిచింది. ఆ అరుపు సన్నగా, ముక్కుతో సాగి, చివర్లో కాస్త పైకి లేచింది. పాప వెళ్లి టీవీకి చెవి ఆనించింది. వాళ్లమ్మ తండ్రి మోకాళ్ల మీద తల పెట్టి చాలాసేపు ఏడ్చింది. ఆయన ఆమె జుట్టు నిమురుతూ, మాట్లాడబోయి, పెదవులు కదిపారు.

ఆ వసంతంలోనే ఆయన పోయారు. మా వారు ఆఫీసుకి సెలవు పెట్టి శవపేటిక మోశారు.

పాపకి ఇప్పుడు హైస్కూలు. పోయిన నెల తల్లీ కూతుళ్లు మా ఇంటికి దోసెలకి వచ్చారు. మాటల్లో తాతగారి ఊసొచ్చింది. "హి హ్యాడ్ సచ్ ఎ డీప్ వాయిస్, అంకుల్" అంది ఆ పిల్ల, కళ్లు మెరుస్తుంటే. "నాకు ఇంకా వినిపిస్తుంది. ఆ బెడ్‌టైమ్ స్టోరీస్ అన్నీ ఆ వాయిస్‌లోనే గుర్తున్నాయి." ఇవన్నీ ఇంగ్లీషులోనే చెప్పింది. తాత సినిమాలన్నీ ఇప్పుడు తనే వెతికి వెతికి చూస్తోందట. వాళ్లమ్మ చెయ్యి కంచంలో ఆగిపోయింది. నా వైపు చూసింది. కాదని ఆమె అనలేదు, నేనూ అనలేదు. ఏమని అంటాం, ఆ పిల్లకి మిగిలింది అదే.

వాళ్లు వెళ్లాక, గిన్నెలు కడుగుతూ ఆ సన్నటి గొంతు గుర్తు తెచ్చుకోబోయాను. మీసం గుర్తొచ్చింది, కదిలే పెదవులు గుర్తొచ్చాయి. మాట మాత్రం ఆ బొంగురు గొంతులోనే వినిపించింది. కాలం మనుషుల్ని తీసుకుపోతుందని తెలుసు గానీ, పోయినవాళ్ల నోట్లో ఇంకెవరి గొంతో పెట్టి తిరిగి మనకే ఇస్తుందని, దాన్నే మనం ప్రేమగా దాచుకుంటామని అప్పటిదాకా నాకు తెలియదు.