గోడ గడియారంతో మాటలు

"చొక్కా ఇస్త్రీ అయిందా?" అని ఆదివారం పొద్దున శ్రీధర్ హాల్లో గోడ గడియారాన్ని అడిగాడు. దాని కింద కూర్చుని పూజకు దండ కడుతున్నది అతని భార్య సౌజన్య.

"మంచం మీద ఉంది," అంది ఆమె.

నూజివీడులో వాళ్లది మామిడిపళ్ల వ్యాపారం. మూడేళ్లుగా ఇంట్లో శ్రీధర్ భార్యను పేరు పెట్టి పిలవలేదు, 'నువ్వు' అనలేదు. వంట అయిందా, తాళం ఎక్కడుంది, కరెంటు బిల్లు వచ్చిందా... ఎవరినీ ఉద్దేశించని మాటలే అన్నీ.

మూడేళ్ల కిందట విస్సన్నపేట వ్యాపారి ఒకడు కొట్లో పెట్టె తెరిచి చూస్తుంటే, "పై వరసే పండిందండీ, కిందవన్నీ పచ్చివే," అని సౌజన్య చెప్పేసింది. బేరం పోయింది. నలుగురిలో పరువు తీసిందని శ్రీధర్ మాట మానేశాడు.

నలుగురిలో మాత్రం మానలేదు. పెళ్లిళ్లకు వెళితే, "మా సౌజన్య వడ్డిస్తేగానీ నాకు ముద్ద దిగదు," అనేవాడు. ఆమె నవ్వి ఊరుకునేది. ఈసారి ఊరుకోకూడదని వారం కిందటే అనుకుంది.

ముసునూరు రోడ్డులో కొత్త గోడౌన్‌కు ఆ ఆదివారమే పూజ. యాభై మంది వచ్చారు. దంపతులు పీటల మీద కూర్చున్నారు. పంతులు కొంగులు ముడివేసి, "అమ్మా, సంకల్పం. అయ్యగారి చేతికి మీ చెయ్యి తాకించండి," అన్నాడు.

సౌజన్య చెయ్యి ఒళ్లోంచి తియ్యలేదు.

"ఏంటి వదినా, ఇరవై ఏళ్లయినా ఇంకా సిగ్గేనా?" అంది ఆడపడుచు మేఘన. అందరూ నవ్వారు.

"సిగ్గు కాదు మేఘనా. మీ అన్నయ్య ఇంట్లో నన్ను పిలిచి మూడేళ్లయింది. పిలిచి అడిగితే తాకిస్తాను."

నవ్వులు ఆగిపోయాయి.

"మళ్లీ పరువు తీస్తున్నావా నువ్వు?" అన్నాడు శ్రీధర్, పళ్లు బిగించి.

"'నువ్వు' అన్నారు. పేరు కూడా అనండి."

"ముహూర్తం దాటిపోతోందండీ," అన్నాడు పంతులు.

శ్రీధర్ జనం వంక చూశాడు. "సౌజన్యా, చెయ్యి పెట్టు."

పెట్టింది.

మధ్యాహ్నం ఇంటికొచ్చి కుర్చీలో కూలబడి, "మంచినీళ్లున్నాయా?" అని గడియారాన్ని అడిగాడు శ్రీధర్. సౌజన్య కదలలేదు. రెండోసారీ గడియారాన్నే అడిగాడు. మూడోసారి పేరు పెట్టి అడిగాడు. అప్పుడు లేచింది.