కంకర మిల్లు పెద్దమ్మ దగ్గు

"పెళ్ళి వీడియోలు తీసుకోరా, మూడు పూటలా తింటావు" అని మా తమ్ముడికి చెప్పీ చెప్పీ నా నోరు నొప్పెట్టింది. వింటేనా! చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టే. వాడు డాక్యుమెంటరీలే తీస్తాడు.

వాడి ఆఫీసంటే మా ఇంటి వెనక గది. ఒక పాత కంప్యూటరు, వెలుతురు రాకుండా కిటికీకి మేకులతో బిగించిన దుప్పటి, కడగని టీ గ్లాసులు. కెమెరా, మైకు, ఎడిటింగు అన్నీ తనే. కంకర మిల్లులో దుమ్ము పీల్చి ఊపిరితిత్తులు పాడైనవాళ్ళ మీద ఏళ్ళ తరబడి ఒక సినిమా తీశాడు. దానికి ప్రాణం అక్కడ జల్లెడ పట్టే ఒకావిడ. మేం పెద్దమ్మ అనేవాళ్ళం. మాటల మధ్య దగ్గేది, దగ్గు ఆగగానే మిల్లు యజమానిని కడిగిపారేసేది. అది చూసి నేనే ఏడ్చాను, నేనంత తేలిగ్గా ఏడ్చే రకం కాదు.

వాడికో మొండి నియమం ఉంది. తను కెమెరాలో పట్టినవాళ్ళు ఎప్పుడు వద్దన్నా సరే, వాళ్ళ భాగం వాళ్ళ ఎదుటే చెరిపేస్తాడు. కాపీ కూడా ఉంచుకోడు.

సినిమా పెద్ద ఫెస్టివల్‌కి ఎంపికైంది. మా ఇంట్లో ఆ వారం నవ్వులే నవ్వులు. అప్పుడొచ్చింది పెద్దమ్మ, గోడ పట్టుకుని, ఆయాసపడుతూ.

"మావాణ్ణి ఆ మిల్లులోనే గేటు దగ్గర పనికి పెట్టుకున్నారు నాయనా. నేనిందులో కనబడితే వాడి నోటి దగ్గర కూడు పోతుంది. తీసెయ్."

తమ్ముణ్ణి వంటింట్లోకి లాగాను. "సినిమాలోంచి తీసి దాచుకో. ఆవిడకేం తెలుస్తుంది?"

"మాటిచ్చానక్కా."

"నీ మాట తగలెయ్య!"

పెద్దమ్మను కుర్చీలో కూర్చోబెట్టి, ఒక్కొక్కటే చూపిస్తూ అన్నీ చెరిపేశాడు. మిగిలిన సినిమా మాకొద్దన్నారు ఫెస్టివల్‌వాళ్ళు. ఆ కోపంలో చాలా రోజులు నేను వాడికి అన్నం పెట్టానే గాని మాట్లాడలేదు.

ఏడాది తిరక్కుండానే పెద్దమ్మ పోయింది. కొన్నాళ్ళకు ఆమె కొడుకు మిల్లు యూనిఫాంలోనే మా గుమ్మం ఎక్కాడు.

"అమ్మ మీ సినిమాలో మాట్లాడిందట కదన్నా. ఒక్కసారి వినిపించు. గొంతు మర్చిపోతానేమోనని భయంగా ఉంది."

ఆవిడే చెరిపించిందని నేను చెప్పాను. ఎందుకో మాత్రం చెప్పలేకపోయాను. చెబితే ఆ పిల్లాడు ఇక ఆ గేటు దగ్గర ఎలా నిలబడతాడు?

"మాటలు లేకపోతే పోనీ, ఎక్కడన్నా దగ్గయినా ఉందేమో చూడన్నా. పోల్చుకుంటాను."

లేదని తెలిసీ తమ్ముడు కంప్యూటరు పెట్టాడు. మిల్లులో మనుషులు ఒకరి తర్వాత ఒకరు దగ్గుతున్నారు, ఆ అబ్బాయి ఒక్కోదానికీ కాదని తల ఊపుతున్నాడు. తెర మీద ఉత్త కంకర గుట్ట కనబడుతుండగా, పక్కనుంచి ఎవరో దగ్గారు.

"ఆపన్నా! ఇదే. ఇది అమ్మే."

అది పెద్దమ్మ పక్కన జల్లెడ పట్టే ఇంకో ఆవిడ దగ్గు. ఆ సంగతి నాకు తెలుసు, తమ్ముడికి నాకంటే బాగా తెలుసు.

"అవునురా, అమ్మే" అన్నాడు మా తమ్ముడు.