క్రేనమ్మ ఫోనులోంచి దిగిన మేడ

సైటులో ఆమెను అందరూ క్రేనమ్మ అంటారు. అసలు పేరు ఒకటుంది గానీ, దానితో పిలిస్తే ఆమే వెంటనే పలకదు. పెద్ద మేడలు కట్టేచోట ఆకాశంలోకి నిలువునా లేచిన పసుపుపచ్చ టవర్ క్రేన్ కనిపిస్తుంది కదా, దాని మెడ దగ్గర ఓ గాజు గది వేలాడుతూ ఉంటుంది. ఆ గదిలో కూర్చుని యంత్రాన్ని నడపడం ఆమె ఉద్యోగం. ఇనపచువ్వల కట్టలు, కాంక్రీటు బకెట్లు, చెక్కపలకలు, నేలమీంచి ఏది పైకి లేవాలన్నా ఆమె చేతుల కింద రెండు మీటలు కదలాలి.

అంత ఎత్తున కూర్చునే మనిషి ఇంట్లో అటక మీది డబ్బా దించమంటే స్టూలెక్కదు.

"స్టూలు ఊగుతుందండీ" అంటుంది మొగుడితో.

"క్రేను ఊగదా మరి?"

"అది ఊగాల్సినంతే ఊగుతుంది. మీ స్టూలుకి ఓ పద్ధతీ పాడూ లేదు."

ఆయనకు వీధి మలుపులో టైర్ల షాపు ఉంది. డబ్బా ఆయనే దించుకుంటాడు.

ఆమె మొదట వేరే సైటులో చేరింది సామాను లిఫ్టు నడపడానికి. లిఫ్టు పైకీ కిందికీ తప్ప ఇంకెటూ పోదు. తల పైకెత్తితే క్రేను చెయ్యి ఆకాశమంతా తిరిగేది. దాన్ని చూస్తూ చూస్తూ ఓరోజు లిఫ్టు తలుపు వెయ్యడం మరిచిపోయి చీవాట్లు తింది. అప్పుడే తేల్చుకుంది, తన చోటు ఇది కాదని. శిక్షణకు వెళ్ళింది, పరీక్ష రాసింది, తప్పింది, మళ్ళీ రాసి లైసెన్సు చేతపట్టుకుని వచ్చింది.

మొదటిసారి నిచ్చెన ఎక్కిన రోజున కింద షాపులో ఆమె మొగుడికి కాలూ చెయ్యీ ఆడలేదు. ఒకాయన స్కూటరు వెనకచక్రం పంచరైందని వస్తే ముందుచక్రం ఊడదీసి కూర్చున్నాడట. ఆ సాయంత్రం ఇద్దరూ ఓ ఒప్పందానికి వచ్చారు. రోజూ పైకెక్కాక ఆమె క్రేను చేతిని అటూ ఇటూ తిప్పి బ్రేకులు చూస్తుంది. చివరికి దాన్ని మేడ లేచే చోటుకు ఎదురుగా, ఎప్పుడూ ఒకేచోట ఆపుతుంది. పని మొదలయ్యేలోగా గాజులోంచి ఓ ఫోటో తీసి, "ఎక్కాను" అని ఒక్క మాట రాసి మొగుడికి పంపుతుంది. అది చూశాకే ఆయన పానా పట్టుకుంటాడు.

అలా పునాది గొయ్యి తవ్వుతున్నప్పుడు మొదలైన ఫోటోలు మేడ పైకప్పు దాకా సాగాయి. వాటిని ఆమె మళ్ళీ ఎన్నడూ తెరిచి చూడలేదు. ఎక్కానని చెప్పడానికి తీసినవి, చెప్పేశాక వాటితో పనేముంది?

మేడ పని పైకప్పుతో పూర్తయింది. వచ్చే వారం క్రేను విప్పి తీసుకుపోతారని సైటు ఇంజనీరు చెప్పాడు. సరిగ్గా ఆ రోజుల్లోనే ఆమె ఫోనుకు తిక్క పుట్టింది. మాట్లాడుతుండగా ఆరిపోయేది, కాసేపటికి తనంతట తానే వెలిగేది. బాగుచేసే కుర్రవాడు మూత తీసి చూసి పెదవి విరిచాడు.

"లోపల బోర్డు పోయిందక్కా. ఇవాళో రేపో పూర్తిగా పడుకుంటుంది. ఫోటోలూ అవీ ఉంటే ముందు కంప్యూటర్లోకి ఎక్కించుకో."

అప్పటిదాకా గుర్తుకురాని ఫోటోలు ఆ ఒక్కమాటతో ఆమె కళ్ళముందు గిర్రున తిరిగాయి. క్రేను పోతుంది. ఆ గాజు గదీ పోతుంది. అక్కణ్ణుంచి కనిపించిన ప్రపంచాన్ని ఇక ఎవరూ చూడలేరు, ఎందుకంటే అంత ఎత్తున గాలిలో ఇంకెవరూ కూర్చోరు. ఆమె పరుగున మొగుడి షాపుకు వెళ్ళింది.

"ఏమండీ, నేను రోజూ పంపిన ఫోటోలు మీ దగ్గరున్నాయా?"

ఆయన మొహం చిన్నబోయింది. "నా ఫోను పంచరు చూసే తొట్లో పడింది గుర్తులేదా? ఇది కొత్తది. ఇందులో పోయిన నెలవే ఉన్నాయి."

"అయితే ఉన్నదల్లా నా ఫోనేనా!"

"పద ఇంటికి. అమ్మ కంప్యూటరుంది కదా" అన్నాడాయన, చేతులు తుడుచుకోకుండానే షట్టరు దించేస్తూ.

ఆ కంప్యూటరు సంగతి కాస్త చెప్పాలి. ఆమె అత్తగారు ఓ ఆఫీసులో టైపిస్టుగా చేసి రిటైరైన మనిషి. ఆఫీసువాళ్ళు పాత కంప్యూటర్లు అమ్మేస్తుంటే తను పనిచేసిన దాన్నే కొనుక్కుని ఇంటికి తెచ్చుకుంది. దానికి తనే పూల గుడ్డతో తొడుగు కుట్టింది. ఇంట్లో ఎవరైనా దాని దరిదాపులకు వెళితే "చేతులు కడుక్కున్నారా?" అని వంటింట్లోంచే కేక వినిపిస్తుంది. ఆవిడ టైపు చేస్తుంటే పక్కింటి వాళ్ళకు కూడా తెలుస్తుంది. అంత గట్టిగా కొడుతుంది మీటల్ని.

కోడలు వగరుస్తూ విషయం చెప్పగానే ఆవిడ కళ్ళజోడు సర్దుకుంది.

"ముందు ఊపిరి పీల్చుకో. ఫోను ఇలా ఇయ్యి. ఒరేయ్, నువ్వు చేతులు కడుక్కునిరా, గ్రీజు కంపు."

తొడుగు తీసి మడతపెట్టి, కంప్యూటరు వెలిగించి, ఛార్జరు తీగ ఒక కొస ఫోనుకూ మరో కొస పెట్టెకూ గుచ్చింది. ఫోను ఛార్జింగ్ అవుతున్నట్టు చూపించింది. కంప్యూటరు మాత్రం ఏమీ ఎరగనట్టు ఊరుకుంది.

"ఇదేంటి అత్తయ్యా, పలకట్లేదు?"

"తీగ ఎక్కడ కొన్నావు?"

"బస్టాపు దగ్గర, రోడ్డు పక్కన."

"అందుకే. ఇది ఛార్జింగ్ తీగ. కరెంటే పోతుంది, ఫోటోలు పోవు" అని ఆవిడ డ్రాయరు లాగింది. లోపల తీగలన్నీ జడల్లా చుట్టి, రబ్బరుబ్యాండ్లు వేసి ఉన్నాయి. వాటిలోంచి పొట్టి నల్లటి తీగ తీసి గుచ్చగానే కంప్యూటరు టింగుమంది. ముగ్గురూ ఒకేసారి ముందుకు వంగారు. తలలు తలలు కొట్టుకున్నాయి.

"ఫోను తెరిచి చూడు. ఏదో అడుగుతుంటుంది" అంది అత్త.

నిజమే. పైనుంచి కిందికి వేలితో లాగితే, తీగ తగిలింది, ఛార్జింగేనా, ఫైళ్ళు పంపాలా అని అడుగుతోంది. క్రేనమ్మ ఫైళ్ళు అన్నదాని మీద నొక్కింది. కంప్యూటరు తెరమీద ఫోను బొమ్మ ప్రత్యక్షమైంది. దానిలో కెమెరా అన్న ఫోల్డరు, దానిలో చిన్నచిన్న గళ్ళుగా ఫోటోలు, కిందికి జరిపేకొద్దీ వస్తూనే ఉన్నాయి.

"వచ్చేశాయ్! వచ్చేశాయ్!" అని ఆమె చప్పట్లు కొట్టింది.

అత్త అన్నింటినీ ఒక్కసారే పట్టుకుని కాపీ కొట్టింది. పచ్చ గీత కొంచెం పాకింది. ఇంతలో ఫోను గుటుక్కున ఆరిపోయింది, తెరమీద బొమ్మ మాయమైంది.

"అయిపోయింది! ఇంతే!" అని క్రేనమ్మ కుర్చీలో కూలబడింది.

"ఏం అయిపోలేదు. గంపెడు మోయలేకపోతే గుప్పెడు మోస్తాం" అంది అత్త. ఫోను మళ్ళీ వెలిగేదాకా ఆగి, ఈసారి కొన్నింటినే పట్టుకుంది. అవి దిగాయి. మరికొన్ని. అవీ దిగాయి. ఫోను వేడెక్కిపోతుంటే మొగుడు టేబుల్ ఫ్యాను తెచ్చి దాని ముందు పెట్టి, తను దొంగలా ఊపిరి బిగబట్టి నిలబడ్డాడు. వంటింట్లో పాలు పొంగిన వాసన వచ్చింది. ఎవరూ కదల్లేదు.

కొత్త ఫోటోల నుంచి మొదలుపెట్టారు కాబట్టి పాతవి చివరికి మిగిలాయి. ఆ సంగతి తెలిశాక క్రేనమ్మకు నిలబడితే నిలబడబుద్ధి కాలేదు, కూర్చుంటే కూర్చోబుద్ధి కాలేదు.

"అత్తయ్యా, గొయ్యి రాలేదు! పునాది గొయ్యి ఇంకా అందులోనే ఉంది!"

"వస్తుందే. గొయ్యి ఎక్కడికి పోతుంది?"

ఆ మాట పూర్తవుతూనే ఫోను మళ్ళీ ఆరింది. ఈసారి చాలాసేపు వెలగలేదు. మీట నొక్కి పట్టుకున్నారు, వదిలారు, మళ్ళీ నొక్కారు. మొగుడు దాన్ని రెండు అరచేతుల్లో పెట్టుకుని చంటిపిల్లను లేపినట్టు "లే తల్లీ, ఇంకొక్కసారి" అన్నాడు. ఎప్పుడో వెలిగింది. అత్త వేళ్ళు మీటల మీద టకటకలాడాయి. ఆఖరి గుప్పెడూ జారింది. పచ్చ గీత చివరిదాకా పాకి ఆగింది.

ముగ్గురూ ఒక్కసారే "అమ్మయ్య" అన్నారు. ఫోను ఆ సాయంత్రం ఆరిపోయింది. మళ్ళీ వెలగలేదు. అప్పటికి దానితో పని తీరిపోయింది.

"ఇన్నీ సరిగ్గా దిగాయో లేదో చూద్దాం" అంది అత్త. ఇంటి ఫోటోలు, పెళ్ళి ఫోటోలు పక్కన పడేసి, క్రేను మీంచి తీసినవన్నీ వేరే ఫోల్డరులోకి మార్చింది. తేదీల వరస పెట్టింది. మొదటిది తెరిచింది. ఎర్రమట్టి గొయ్యి తెరనిండా పరుచుకుంది. కుడివైపు బాణం గుర్తున్న మీట నొక్కింది. రెండోది. మళ్ళీ నొక్కింది. మూడోది.

టైపిస్టు వేలు కదా, నెమ్మదిగా ఉండమంటే ఉంటుందా! నాలుగో ఫోటోకల్లా వేగం అందుకుంది. టక్ టక్ టక్ టక్. గొయ్యిలో చువ్వలు మొలిచాయి. స్తంభాలు లేచాయి. వాటి మీద నేల పరుచుకుంది, దాని మీద మళ్ళీ స్తంభాలు. మేడ పైకి వస్తోంది! ఊపిరి తీసుకుంటూ పెరుగుతున్నట్టు, వాళ్ళ కళ్ళముందే అంతస్తు మీద అంతస్తు లేస్తోంది.

"ఆపకండి అత్తయ్యా! ఆపకండి!" క్రేనమ్మ అరిచింది.

ఆవిడ ఎక్కడ ఆపుతుంది! నోరెళ్ళబెట్టి చూస్తూ కొడుతూనే ఉంది. మంచు పట్టిన పొద్దుటిపూటలు తెల్లగా మెరిసి పోయాయి. వాన రోజుల్లో గాజు మీద నీళ్ళు జారాయి. క్రేను ఎత్తు పెంచినప్పుడల్లా మేడ గభాలున కిందికి కుంగి, మళ్ళీ పట్టుదలగా పైకి పాకేది. చుక్కల్లాంటి హెల్మెట్లు చీమల బారులా అటూ ఇటూ చెదిరాయి. పైకప్పు వచ్చాక ఆవిడ వేలు తీసింది.

"ఇవి ఫోటోలు కావే" అంది అత్త. "ఇది సినిమా."

"మళ్ళీ మొదట్నుంచి అమ్మా" అన్నాడు కొడుకు.

మూడోసారి చూస్తున్నప్పుడు అత్త వేలు ఉన్నట్టుండి ఆగింది. "అన్నీ ఉన్నాయి, నువ్వొక్కదానివే లేవనుకున్నా. ఇదిగో!" అని తెర మీద చూపింది. పొద్దుటి ఎండలో క్రేను నీడ కట్టడం మీద పడింది. సన్నటి మెడ, పొడుగాటి చెయ్యి, ఆ రెండూ కలిసేచోట అగ్గిపెట్టెంత నల్లటి గది. ఎండ కాసిన ప్రతి ఫోటోలోనూ ఆ అగ్గిపెట్టె ఉంది. ఓ నెలలో ఇటు, ఇంకో నెలలో అటు జరుగుతూ ఉంది. క్రేనమ్మ తెరకు ముక్కు తగిలేంత దగ్గరకు వెళ్ళి తనను తాను చూసుకుంది.

మర్నాడు భోజనాల వేళ ఆమె అత్తను వెంటబెట్టుకుని సైటుకు వెళ్ళింది. ఫోటోలు పెన్‌డ్రైవులో ఉన్నాయి. పెన్‌డ్రైవు అత్త చిల్లర పర్సులో ఉంది. పర్సు చేతిసంచిలో ఉంది. ఆ సంచి చంకలోంచి ఆవిడ కదలనివ్వలేదు. సైటు ఆఫీసంటే ఓ రేకుల గది. అందులో ఇంజనీరు నక్షాలు చూసుకునే పెద్ద తెర ఉంది. విషయం వినగానే ఇంజనీరు తన కుర్చీ ఖాళీ చేశాడు.

"మీరు కూర్చోండమ్మా."

కబురు నిమిషంలో పాకింది. చువ్వలు వంచేవాళ్ళు, తాపీ మేస్త్రీలు, లిఫ్టు నడిపే అమ్మాయి, అన్నం చేతులతోనే వచ్చి గదినిండా, గుమ్మంనిండా నిలబడ్డారు. అందరికన్నా ముందు విజిల్ బాబాయి నిలబడ్డాడు. మెడలో విజిల్‌తో నేలమీద నిలబడి, వాకీటాకీలో దారి చెబుతూ క్రేనమ్మ చేత బరువులు ఎత్తించేది ఆయనే. ఇన్నాళ్ళూ ఒకరికొకరు గొంతు తప్ప మొహం సరిగా కనిపించని స్నేహం వాళ్ళది.

అత్త బాణం మీట అందుకుంది. టక్ టక్ టక్ టక్.

రేకుల గది కప్పు ఎగిరిపోయేంత గోల చేశారు. "అది నేను కట్టిన గోడే!" "ఆ వాన రోజున కాంక్రీటు మీద పట్టాలు కప్పాం, చూడు చూడు!" "అరేయ్, ఆ పడుకున్నవాడు ఎవడ్రా?" అందరూ ఓ మేస్త్రీ వైపు తిరిగి గొల్లున నవ్వారు. ఆయన అది తను కాదని ఒట్లు వేశాడు.

"అమ్మాయ్, నేనేడీ?" అన్నాడు విజిల్ బాబాయి.

"నిన్ను నేను వెతకాలా బాబాయ్? ఇదిగో, ఈ ఎర్ర హెల్మెట్టు. ఎప్పుడు చూసినా నడుం మీద చేతులు వేసుకుని నిలబడతావు."

బాబాయి తెరవైపు వంగాడు. ఫోటో తర్వాత ఫోటోలో, గొయ్యి అంచున, స్తంభాల మధ్య, ఇటుకల గుట్ట పక్కన, అదే ఎర్రచుక్క. మేడ ఎంత పెరిగినా అది చెరిగిపోలేదు. "నేనింత చిన్నగా కనబడతానా నీకు?" అన్నాడు.

"గొంతు మాత్రం చెవి పక్కనే వినపడుతుంది" అంది ఆమె.

"వెనక్కి తిప్పండమ్మా!" అని గుమ్మంలోంచి ఎవరో అరిచారు. అత్త ఎడమవైపు బాణం నొక్కింది. అంతస్తులు ఒక్కొక్కటే మాయమై, స్తంభాలు చువ్వలై, చువ్వలు మట్టిలో కలిసి, మళ్ళీ ఖాళీ గొయ్యి. "మన కష్టమంతా బూడిదలో పోసేశారు పెద్దమ్మా! మళ్ళీ కట్టండి, కట్టండి!" అని గగ్గోలు పెట్టారు. ఆవిడ నవ్వుతూ మళ్ళీ కట్టింది. భోజనాల వేళ దాటిపోయినా ఇంజనీరు గంట కొట్టించలేదు. ఆయన కూడా తన గదిలో తనే ఓ మూల నిలబడి చూస్తున్నాడు.

అనుకున్నట్టే తర్వాతి వారం క్రేను విప్పేశారు. క్రేనమ్మ ఆ రోజున కింద నిలబడి, పసుపుపచ్చ ముక్కలు ఒక్కొక్కటీ లారీ ఎక్కుతుంటే చూసింది. గాజు గది నేలమీదికి దిగాక చూస్తే మరీ చిన్నగా ఉంది.

మేడ తెరిచాక కింది అంతస్తులో, లోపలికి రాగానే కనిపించేలా ఓ టీవీ పెట్టారు. అందులో గొయ్యి నుంచి పైకప్పు దాకా ఆ ఫోటోలు పగలంతా తిరుగుతూ ఉంటాయి. ఇంజనీరే పట్టుబట్టి పెట్టించాడు, కింద క్రేనమ్మ అసలు పేరు కూడా వేయించాడు. అది చదివి సైటువాళ్ళు "ఎవరీవిడ?" అనుకున్నారట.

విజిల్ బాబాయి తనకు సెలవున్న ఓ రోజున భార్యనూ మనవరాలినీ తీసుకుని వచ్చాడు. ఆఫీసులకు వెళ్ళే జనం పక్కనుంచి పోతున్నా పట్టించుకోకుండా టీవీ ముందు నిలబడి, "అదిగో నేను! అదిగో! మళ్ళీ పోయింది, ఉండు, ఇప్పుడొస్తుంది చూడు!" అని వేలు పెట్టి చూపిస్తూనే ఉన్నాడు.