నా నోట ఆమె మాట

పెళ్ళికి ముందు హైదరాబాదులో నేను సినిమాల్లో చిన్న వేషాలు వేసేదాన్ని. హీరోయిన్ స్నేహితురాలు, హీరో వదిన, ఆసుపత్రిలో నర్సు. ముఖం నాదే గానీ గొంతు ఎప్పుడూ నాది కాదు. నాది కాస్త బొంగురు గొంతు. "ఆడపిల్లకి ఈ గొంతేంటమ్మా?" అని నవ్వి, నా మాటలు వేరే ఎవరిచేతో చెప్పించేవారు. అమలాపురంలో సినిమా చూసొచ్చిన మా అమ్మ, "తెరమీద నువ్వే గానీ, నీలా లేవే" అనేది.

పెళ్ళయ్యాక గల్ఫ్‌కి వచ్చాను. మావారి ఉద్యోగం దోహా దగ్గర మెసయీద్‌లో. కంపెనీ క్వార్టర్సులో కాపురం. నటన సంగతి మర్చిపోయాననే అనుకున్నాను.

అక్కడే రాస్ లఫాన్ గ్యాస్ ప్లాంటులో పనిచేసే ఒక తెలుగబ్బాయి సెలవు రోజుల్లో షార్ట్ ఫిల్ములు తీసేవాడు. ఒకరోజు మా ఇంటికొచ్చి కథ చెప్పాడు. పరాయి పిల్లల్ని పెంచుతూ, సొంత కూతురితో ఫోన్‌లో మాత్రమే మాట్లాడే ఒక పనిమనిషి కథ. ఆ పనిమనిషి వేషం నాకే ఇస్తానన్నాడు.

"మాటలు ఎవరిచేత చెప్పిస్తారు?" నేను అడిగిన మొదటి ప్రశ్న అదే.

"మీ గొంతు చర్చిలో విన్నాకే ఈ కథ రాసుకున్నానండీ. ఇంకెవరు చెబుతారు?"

ఈ సంగతి ముందుగా పక్క క్వార్టర్లో ఉండే స్నేహితురాలికి చెప్పాను. మా గోదావరి వైపు పిల్లే. చర్చి క్వాయర్‌లో చక్కగా పాడేది. నన్ను గట్టిగా వాటేసుకుని, "ఇన్నాళ్ళకి నీ గొంతు వింటారక్కా!" అంది.

అల్ రయ్యాన్‌లో తెలిసినవాళ్ళ ఇంట్లో శుక్రవారం సెలవుల్లో షూటింగ్ జరిగింది. అది అయ్యాక, గోడలకి దుప్పట్లు కట్టిన ఆ అబ్బాయి గదిలో నా మాటలు నేనే చెప్పాను. కూతురితో మాట్లాడే సీనుకి అతను కళ్ళు తుడుచుకున్నాడు.

ఆ తర్వాత కొన్ని శుక్రవారాలు నా స్నేహితురాలు తన ఇద్దరు పిల్లల్నీ మా ఇంట్లో దింపి వెళ్ళేది. "క్వాయర్ ప్రాక్టీసక్కా, కాస్త చూస్తావా?" అనేది. వాళ్ళకి పప్పన్నం కలిపి పెట్టి, పడుకోబెట్టేదాన్ని.

సినిమాని మనవాళ్ళ సంఘం దోహాలో ఒక హాల్లో వేసింది. తెరమీద నా పెదాలు కదిలాయి. వినబడింది నా గొంతు కాదు. మొదట సౌండులో ఏదో తేడా అనుకున్నాను. రెండో మాటకే గుర్తుపట్టాను. ఆ గొంతుగల మనిషి నా పక్క కుర్చీలోనే ఉంది. తలొంచుకుని కూర్చుంది.

లైట్లు వేశాక అందరూ చుట్టూ మూగారు. "ఎంత బాగా మాట్లాడారండీ, ఏడిపించేశారు!" అన్నారు. ఒక్కొక్కరికీ థాంక్స్ చెప్పాను. ఇంకేం చెప్పను?

బయట ఆ అబ్బాయిని నిలదీశాను.

"మైకులో మీ గొంతు మరీ గరుగ్గా వచ్చిందండీ. పోటీలకి పంపాలి కదా. మీకు చెబుతానని ఆవిడ అన్నారు."

వెనకే వచ్చిన నా స్నేహితురాలి వైపు తిరిగాను. "ఎప్పుడు వెళ్ళి నా మాటలు చెప్పావే?"

"నువ్వు బాధపడతావని..."

"ఎప్పుడని అడిగాను."

"శుక్రవారాలు" అంది మెల్లగా.

దాని పిల్లలు నా ఒళ్ళో నిద్రపోతుంటే, ఇది వెళ్ళి నా మాటలు చెప్పొచ్చింది.

కారులో మావారితో చెప్పుకుని ఒకటే ఏడుపు. ఆయన రోడ్డు మీంచి చూపు తిప్పకుండానే, "నిజం చెప్పాలంటే ఆ అమ్మాయి గొంతే బాగా కుదిరింది. దీనికింత బాధేంటి?" అన్నారు. మెసయీద్ చేరేదాకా కిటికీ వైపు తిరిగి కూర్చున్నాను.

తర్వాతి శుక్రవారం అది పిల్లల్ని తీసుకుని గుమ్మంలోకొచ్చింది. కళ్ళు వాచి ఉన్నాయి. "తప్పయిపోయిందక్కా, ఏదో ఒకటి అను" అంది.

"ఇంక పిల్లల్ని నా దగ్గరికి తేవద్దు" అన్నాను.

చిన్నదానికేం తెలుసు? ఎప్పటిలాగే ఎత్తుకోమని రెండు చేతులూ చాపింది. దాన్ని ఎత్తుకోకుండా తలుపు వేయడానికి నాకు చాలాసేపు పట్టింది.