రాగి గంగాళానికి రెండుసార్లు టెండర్

కరోనా సద్దుమణిగి ఆడపిల్లలు మళ్లీ హాస్టల్‌కు వచ్చిన ఏడాది, రెండు వేల ఇరవై రెండులో జరిగిన ముచ్చట ఇది. సిద్దిపేటలో ఒక సర్కారు హాస్టల్‌లో నేను వంటమనిషిని. ఇప్పటికీ ఆ రోజులు తలచుకుంటే పొద్దుటి మంచులో మెరిసే రాగి రంగే ముందు కళ్లలోకి వస్తుంది.

ఆ ఏడు మాకు గ్యాస్ పొయ్యిలూ స్టీలు గిన్నెలూ వచ్చాయి. పాత రాగి గంగాళాన్నీ, బగోణలనే పెద్ద ఇత్తడి వంట గిన్నెలనూ కండెమ్ చేశారు. అంటే, ఇక వాడొద్దని తేల్చి అమ్మకానికి పెట్టడం. అమ్మకం టెండర్ పద్ధతిలో. కొనాలనుకున్నవాళ్లు తమ ధర రాసి, కవర్‌లో పెట్టి అంటించి, తాళం వేసిన డబ్బాలో వేస్తారు. ఒకరు రాసింది ఇంకొకరికి తెలియదు. అందరి ముందు తెరిచి, ఎక్కువ రాసినవాళ్లకు ఇస్తారు. అన్నీ కలిపి ఒకే కుప్పగా పెడితే పెద్ద దుకాణాలవాళ్లకే అందుతుందని మా వార్డెన్ మేడం రెండు లాట్లు, అంటే రెండు వంతులు చేయించింది. గంగాళం ఒకటి, బగోణలు ఒకటి.

"మసి మీద బేరం పెట్టొద్దు సత్తెమ్మా, కొనేవాళ్లు లోపలిదాకా చూడాలి" అంది మేడం. చింతపండూ బూడిదా పెట్టి తోమాం. ఒక బగోణకు అడుగున చిల్లి పడి మాటు వేసి ఉంటే, దాని చుట్టూ సుద్దముక్కతో గీత గీయించింది. తెల్లారి వాకిట్లో బోర్లిస్తే, ఆ మంచులో అవి నీళ్లలోంచి లేచి వచ్చి ఎండకోసం పడుకున్న ఏనుగుల్లా ఉన్నాయి. వచ్చినవాళ్లు వేలి కణుపుతో కొట్టి విన్నారు. పగులు ఉంటే మోత చచ్చినట్టు వస్తుంది. గంగాళం మోత మాత్రం గోడ దాటి ఎటో పోయింది. అది ఆగిందో, నా చెవుల్లోనే ఉండిపోయిందో నాకు తెలియలేదు.

అలా కొట్టి విన్నవాళ్లలో కనకవ్వ ఒకతె. బెజ్జంకి నుంచి వచ్చి మా వాడలోనే ఉంటూ పెళ్లిళ్లకు వండుతుంది. నన్ను వదినె అంటుంది. ఆమెకు సొంత గిన్నెలు లేవు. ప్రతి పెళ్లికీ ఖాజా భాయి దుకాణం నుంచి కిరాయికి తెచ్చుకోవాలి. అక్కడ గంగాళం ఖాళీ లేకపోతే ఆ రోజుకు ఆమెకు పని లేనట్టే. తనదంటూ ఒకటి ఉంటే తన పని తన చేతిలో ఉంటుందని ఆమె ఆశ. అదే గంగాళం కోసం ఖాజా భాయి కూడా వచ్చాడు.

"వదినె, ఇంకెవ్వరు ఎంత రాస్తున్రో జెర చెవుల వెయ్యరాదు?" అంది కనకవ్వ మెల్లగా.

"నాకేం ఎరుక? ఎరుకున్నా చెప్ప."

"అబ్బో, పప్పు తిప్పే చేతికి గింత గుట్టా" అని నవ్వుకుంటూ పోయింది.

డబ్బా తెరిచే రోజు వాకిట్లో బల్ల వేశారు. మేడం తాళం తీసి కవర్లు బల్ల మీద పోసింది. అన్నీ తెల్లగా ఉన్నాయి, ఒక్కటి తప్ప. దాని నాలుగు మూలలా పసుపు. శుభలేఖకు పెట్టినట్టు ముద్దుగా పెట్టి ఉంది. పెళ్లి వంటల కనకవ్వదేనని చూడగానే తెలిసిపోయింది. కవర్ మీద ఏ గుర్తూ ఉండొద్దని నోటీసులో ఉంది. గుర్తుంటే ఎవరిదో ముందే తెలిసిపోతుంది కదా.

ఖాజా భాయి లేచాడు. "మేడం, నారాజ్ కావద్దు. గా కవర్ ఎవరిదో గీడ అందరికీ ఎరుకైంది. గుర్తున్నది చెల్లుతదా?"

"నాదే భాయ్" అంది కనకవ్వ. "మంచి పనికి కాయితం ఇంట్లకెళ్లి పోతున్నదంటే పసుపు పెట్టకుంట ఎట్ల పంపుత?"

"నీ మనసు నాకెరుక అక్కా. రేపు ఇంకొకడు మతలబుతోని పెడితే ఎట్ల?"

వెనక నుంచి ఎవరో అన్నారు: "నేనైతే బొట్టు గూడ పెట్టుకొస్తుంటి." అందరూ నవ్వారు. కనకవ్వ తల దించుకుంది. మేడం చూడనట్టు ఊరుకుంటే బాగుండునని నా మనసు కొట్టుకుంది. ఖాజా భాయి అడిగింది న్యాయమేనని కూడా అదే మనసుకు తెలుసు.

మేడం ఏ కవరూ ముట్టలేదు. పై ఆఫీసరుకు ఫోన్ చేసి, అందరూ వినేలా స్పీకర్ పెట్టి ఉన్నది ఉన్నట్టు చెప్పింది. "ఒక్కటీ విప్పలేదు కదా? ఎవరివి వాళ్లకు ఇచ్చేసి టెండర్ మళ్లీ పిలవండి" అన్నాడు ఆయన.

"మల్ల ఒక రోజు దుకాణం బందు" అని గొణిగాడు ఖాజా భాయి. అయినా తన కవర్ తీసుకుని పోయాడు.

రెండోసారి మేడం ఒకే రకం ఖాళీ కవర్లు తనే ఇచ్చింది. భోజనాల హాల్లో తలా ఒక మూలకు కూర్చుని రాశారు. కిటికీలోంచి పడే ఎండలో అందరూ పరీక్ష రాసే పిల్లల్లా కనిపించారు. కనకవ్వ రెండు లాట్లకూ ధర రాస్తూ, ఒక్కో అంకెనూ ముగ్గు పెట్టినట్టు నిదానంగా దిద్దింది.

మేడం ఒక్కో కాగితం విప్పి గట్టిగా చదివి, అందరి వైపూ తిప్పి చూపించింది. గంగాళం ఖాజా భాయికి వచ్చింది. బగోణలు కనకవ్వకు వచ్చాయి.

గంగాళాన్ని ఆటోలోకి ఎక్కించడం ఇద్దరు మగవాళ్ల వల్ల కాలేదు. కనకవ్వే పోయి కింద గోనెసంచి వేసింది. "అంచు పట్టకు భాయ్, చెవులు పట్టు" అంటూ తనూ ఒక చెయ్యి వేసింది.

"పెండ్లిళ్లప్పుడు గిది నాకే కావాలె. కిరాయి తక్కువ చెయ్యి."

"చేస్త గని, నీ బగోణలు నాకు కిరాయికి ఇస్తవా మరి?"

"ముందుగాల చెప్పాలె. నా పని లేనినాడే ఇస్త" అంది ఆమె, దుకాణందారు గొంతుతో.

ఆటో పోయాక, పొద్దు వాలుతుంటే నేనూ కనకవ్వా మెట్ల మీద కూర్చున్నాం. "బాధ అయితలేదా?" అని అడిగాను.

"ఎందుకు కాదు వదినె? అయితది. గని ఎవ్వల మీద కోపం లేదు. నా కాయితం విప్పంగ చూసిన, ఆయనది విప్పంగ చూసిన. ఇంటికి పోయి ఇంత బువ్వ తిని పండుకుంట."

పదిమంది సొత్తు అమ్మేటప్పుడు గెలిచినవాళ్ల ముఖం చూసి లాభం లేదని నాకు ఆ రోజు తెలిసింది. ఓడినవాళ్లు ఇంటికి పోయి నిమ్మళంగా అన్నం తినగలిగితే, ఆ అమ్మకం సరిగా జరిగినట్టు.