పాత పాస్‌వర్డు

కుర్చీలో కూర్చునే ముందు ఆవిడ కంప్యూటరు మీద అరచేయి ఆనిస్తుంది, పిల్లల నుదురు చూసినట్టు. ఆఫీసులో జ్వరాలమ్మ అంటారు. ఆ సంగతి ఆవిడకు తెలుసు.

కంపెనీ గోడౌన్ల అమ్మకాలను డేటాబేసు నుంచి తెచ్చి తెర మీద గీతలుగా చూపించే రిపోర్టులు ఆవిడవి. ఆ రోజు గీతలు లేవు. డేటాబేసుతో కనెక్షన్ కుదరలేదన్న ఒక్క వాక్యం ఉంది.

సాయంత్రం మీటింగులో ఒక గోడౌను మూసేయాలని నిర్ణయిస్తారు. అమ్మకాలు తక్కువున్నది ఏదో రిపోర్టు చూసి తేలుస్తారు. కొత్త లెక్కలు రాకపోతే పోయిన నెలవి చూస్తారు. పోయిన నెల, పైకప్పు మరమ్మతని, ఆవిడ వదిన పనిచేసే గోడౌను సగం రోజులు మూతపడే ఉంది.

కేబుళ్లు చూసింది. నెట్‌వర్కు బాగానే ఉంది. డేటాబేసు చూసే అతను, ఖాతా లాకైందని చెప్పి తెరిచాడు. గీతలు వచ్చాయి. టీ చల్లారేలోపు పోయాయి. మళ్లీ తెరిచాడు. మళ్లీ పోయాయి.

రిపోర్టులన్నిటికీ ఒకటే ఖాతా, ఒకటే పాస్‌వర్డు. ఉమ్మడి కాపురం. ముందురోజు దాన్ని మార్చారు. అది తెలియనిదేదో పాత పాస్‌వర్డుతో తలుపు తడుతూనే ఉంది. తప్పు పాస్‌వర్డు పదేపదే పడితే ఖాతా దానంతటదే మూసుకుంటుంది.

"తాళాలు తీయడమే నా ఉద్యోగమైంది చెల్లీ. ఆ తట్టేదేదో పట్టుకో," అన్నాడతను.

"ఎక్కణ్ణుంచో కనపడదా అన్నా?"

"మన అంతస్తు అన్నంతవరకే కనపడుతోంది. చంకలో పిల్లను పెట్టుకుని ఊరంతా వెతుకుతున్నాం."

వదిన ఫోను చేసింది. ఇంకా ఏమీ తేలలేదని చెప్పింది ఆవిడ.

"నా కూరలో ఉప్పెక్కువైతే ఇట్టే తేలుస్తావుగా," అంది వదిన. నవ్వలేదు.

బల్ల బల్లకూ తిరిగింది. అందరూ పాస్‌వర్డు మార్చుకున్నామనే అన్నారు. అదే అంతస్తులో, క్యాంటీను గోడకు ఒక టీవీ ఉంది. అమ్మకాలు అందరికీ కనపడాలని ఎప్పుడో పెట్టారు. తెర పాడై నల్లబడినా ఎవరూ పట్టించుకోలేదు. దాని వెనక, దానికి రిపోర్టులు తెచ్చిపెట్టే చిన్న పెట్టె మీద అరచేయి పెట్టింది. వెచ్చగా ఉంది. వైరు పీకేసింది.

ఈసారి తెరిచిన ఖాతా మూసుకోలేదు. మీటింగు కొత్త లెక్కలతోనే జరిగింది. వదిన గోడౌను నిలిచింది. మరొకటి మూయాలన్నారు. అక్కడ ఎవరి వదిన ఉందో ఆవిడ అడగలేదు. ఆ సాయంత్రం వదిన ఫోనులో చాలాసేపు మాట్లాడింది. ఆవిడ ఊ కొట్టింది.

మర్నాడు ఉదయం అందరికంటే ముందే ఆఫీసుకు వెళ్లి, మూసేస్తామన్న గోడౌనుకు ఫోను చేసింది. ఈ నెల ఏ కారణంగానైనా కొన్ని రోజులు మూసి ఉంచారా అని అడిగింది.