సెంటర్లో ఎవరు ముందొచ్చారు

మా సెంటరు ఎప్పుడు పుట్టిందో ఎవరూ చెప్పరు. కంకిపాడు నుంచి వచ్చే రోడ్డూ చల్లపల్లి వైపు పోయే రోడ్డూ కాలువ వంతెన దగ్గర కలుస్తాయి. అక్కడి నుంచి రెండు చిన్న రోడ్లు రెండు ఊళ్లలోకి పోతాయి. ఆ రెండు ఊళ్లూ మమ్మల్ని తమవాళ్లుగా లెక్కేయవు. కాలువ పూడిక తీసి గట్టు మీద పోసిన మట్టిలో ఒక్కొక్కరమే వచ్చి ఇళ్లూ కొట్లూ వేసుకున్నాం. ఇంటిపన్ను కడుతున్నాం, కరెంటు మీటర్లున్నాయి, స్థలానికి కాగితాలు మాత్రం లేవు. అందుకే "ఎప్పుడొచ్చారండీ?" అని అడిగితే టీ కొట్టు నుంచి సైకిల్ షాపు దాకా ఒకటే జవాబు: "మొదట్నుంచీ ఇక్కడే అండీ."

నేను హైస్కూల్లో సోషల్ చెబుతాను. ఈ జవాబు వింటే నాకు ఒళ్లు మండేది. మొదట్నుంచీ అంటే కృష్ణా నది పుట్టినప్పట్నుంచా? పిల్లల ప్రాజెక్టు పేరు చెప్పి, పెద్ద అట్ట మీద సెంటరు పటం గీయడం మొదలుపెట్టాను. ఎవరైనా తాము వచ్చిన ఏడాది చెప్పకపోతే వాళ్ల పక్కవాళ్లని అడిగాను. పక్కవాళ్ల సంగతి చెప్పడానికి ఇక్కడ ఎవరికీ మొహమాటం లేదు. నాలుగు నెలల్లో ప్రతి కొట్టు పక్కనా ఒక సంవత్సరం పడింది.

పటాన్ని క్లాసు గోడకి తగిలించిన వారానికి ఇద్దరు మనుషులు టేపు పట్టుకొచ్చి గట్టు కొలిచి వెళ్లారు. కాలువ వెడల్పు చేస్తారనీ, ఆఖర్న వచ్చినవాళ్లని ముందు లేపేస్తారనీ పుకారు పుట్టింది. మర్నాటి నుంచి నన్ను చూడగానే మాటలు ఆగిపోయేవి. టైలరు నా జాకెట్టు కుట్టడానికి తీరిక లేదన్నాడు, మిషను ఖాళీగా పెట్టుకుని. నేనే కాలువల ఆఫీసుకి సమాచారం ఇచ్చానని వాళ్ల అనుమానం. వీళ్లలోనే ఎవరో ఇచ్చి నా మీదకు తోశారని నా అనుమానం.

ఒక సోమవారం గోడ మీద పటం లేదు. ఎవరు తీశారో నాకు వెంటనే తట్టింది. నా పటం ప్రకారం అందరికంటే ఆఖర్న వచ్చింది టిఫిన్ హోటలామె. బడిలో మధ్యాహ్న భోజనం వండేది కూడా ఆవిడే, క్లాసుల్లోకి వచ్చిపోతూ ఉంటుంది. దొంగ దొరికిందని లోపల సంతోషపడుతూనే హోటలుకి వెళ్లాను.

"పటం ఇవ్వండి," అన్నాను, నిలబడే.

ఆవిడ బుకాయించలేదు. బియ్యం డ్రమ్ము వెనక నుంచి అట్ట తీసి బల్ల మీద పరిచింది.

"నాకు చదవడం రాదనుకున్నారేమో మేడమ్ గారూ. టెన్త్ పాసయ్యానండీ. నా హోటలుకి సంవత్సరం వేశారు, టైలరు గారికేశారు, సైకిల్ షాపుకేశారు. మరి మీ ఇంటికి వెయ్యలేదేంటండీ?"

వంతెన పక్కన మా ఇల్లు ఉంది, గేటుతో సహా ముచ్చటగా గీశాను. దాని పక్కన ఏమీ లేదు. మర్చిపోయానని చెప్పబోయాను. కానీ మర్చిపోలేదు. ఆవిడ హోటలు పెట్టిన మరుసటి ఏడాది మేమిక్కడికి వచ్చి ఇల్లు కట్టి స్లాబు వేశాం. దగ్గరుండి వేయించింది నేనే. లేపడమే జరిగితే మొట్టమొదట లేవాల్సింది మేము. ఆవిడ కళ్లలోకి చూడలేక సిగ్గుతో చచ్చిపోయాను.

ఆవిడ పెన్ను తెచ్చి నా ముందు పెట్టింది. "వెయ్యండి."

వేశాను. ఆవిడ ఆ అంకె చదువుకుంది. తర్వాత అట్టని రెండు మడతలు విరిచి, సాంబారు కింద మండుతున్న పొయ్యిలోకి తోసింది.

నాలుగు నెలల కష్టం. నేను చెయ్యి చాచలేదు, ఆపమని అనలేదు. గుండెల మీద నుంచి బరువు దిగినట్టయింది. ఆవిడ పొయ్యి వంక చూడటం లేదు, నా ముఖం వంకే చూస్తోంది.